కుబేరుడి గడపలో టోకెన్ నంబరు

తెలంగాణలో రిటైరైన ఉద్యోగి కనిపిస్తే "రిటైర్మెంట్ డబ్బులొచ్చాయా?" అని అడగకండి, మర్యాద కాదు. "ఎక్కడిదాకా వచ్చింది?" అనాలి. "ఈ-కుబేర్‌లో ఉందండీ" అంటాడాయన, ఐసీయూలో ఉన్న బంధువు గురించి చెబుతున్నట్టు.

ఈ-కుబేర్ అంటే రిజర్వు బ్యాంకు చెల్లింపుల వ్యవస్థ. పేరు పెట్టినవారికి మన కథలు తెలిసే ఉంటాయి. శ్రీనివాసుడంతటివాడు కుబేరుడి అప్పుకు ఇప్పటికీ వడ్డీ కడుతున్నాడు. ఈ కుబేరుడి గడప దగ్గర మాత్రం బాకీ సర్కారుది, ఎదురుచూపులు రిటైరైన మాస్టారివి.

2021లో పదవీ విరమణ వయసును 58 నుంచి 61కి పెంచారు. మూడేళ్ల తర్వాత వరసగా రిటైరవుతారని చెప్పడానికి పంచాంగం అక్కర్లేదు. అయినా 2024 మార్చి రాగానే సర్కారు ఉలిక్కిపడింది: అరె, వీళ్లకు నిజంగానే 61 వచ్చేశాయా!

డబ్బులు రాక కేసు వేస్తే హైకోర్టు 'చెల్లించండి' అంటుంది. ఆ కాపీ తీసుకెళ్తే సెక్షన్‌లో భద్రంగా ఫైలులో పెట్టుకుంటారు. గడువు దాటుతుంది. అప్పుడు వెయ్యాలి అసలు దరఖాస్తు. దాని పేరు కోర్టు ధిక్కరణ పిటిషన్.

వాయిదా రోజు చూడాలి. వెనక బెంచీలో మాస్టారు, ఒళ్లో ప్లాస్టిక్ కవరు, అందులో ముప్పయ్యేళ్ల జీపీఎఫ్ (ఉద్యోగి భవిష్య నిధి పొదుపు) స్లిప్పులు. ప్రభుత్వ ప్లీడరు లేచి "బిల్లు ప్రాసెస్‌లో ఉంది మైలార్డ్, రెండు వారాలు" అంటారు. రెండు వారాలయ్యాక "ఖజానాలో బిల్లుకు వరస నంబరు, అదే టోకెన్, పడింది మైలార్డ్, ఇంకో రెండు వారాలు." ఈసారి అధికారే స్వయంగా రావాలని కోర్టు అనగానే అద్భుతం జరుగుతుంది. వాయిదా ముందురోజు రాత్రి మాస్టారి ఫోను టింగుమంటుంది. నెలల తరబడి లేని నిధులు భోజనాల వేళకి పుట్టుకొచ్చాయి! పొద్దున్నే ఇస్త్రీ చొక్కాలో అధికారి, చేతిలో బేషరతు క్షమాపణ. కేసు క్లోజ్. మరి పక్క టోకెనాయనకో? ఆయన కేసు వెయ్యలేదుగా!

క్షమాపణ కుదరకపోతే? 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం ఆరు నెలల దాకా సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. 2,000 నోటునే రిజర్వు బ్యాంకు 2023లో చెలామణీ నుంచి తప్పించింది, జరిమానా మాత్రం కదల్లేదు. మాస్టారికి ఆటోలకూ జిరాక్సులకూ అంతకంటే ఎక్కువే అయి ఉంటుంది.

పింఛను ఎవరి దయాభిక్షా కాదని 1982 డిసెంబర్ 17న నకారా అనే పెన్షనరు వేసిన కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఏటా అదే రోజున పెన్షనర్ల దినోత్సవం, శాలువాలు. మీ శాలువాలు ఎవడిక్కావాలి? జీపీఎఫ్ సర్కారు సొమ్ము కాదు. నెలనెలా ఆయన జీతంలోంచి మీరే కోసుకున్న సొమ్ము. దాచమని ఇస్తే వాడుకుని, అడిగినవాణ్ని కోర్టు మెట్లెక్కించడాన్ని ఊళ్లో ఏమంటారో మీకు తెలియదా? ఎదురుచూస్తూనే పోయినవాళ్లున్నారు. పోయేదాకా ఆపింది మీరు. ఇప్పుడు ఆయన పోయాడని రుజువు తెమ్మని ఆయన భార్యను తిప్పుతున్నదీ మీరే. సిగ్గుండక్కర్లేదా?

డెత్ సర్టిఫికెట్, ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, ఫొటోలు రెండు. అవన్నీ ఇచ్చాక ఆవిడ పేరున కొత్త బిల్లు, కొత్త టోకెన్. వరసలో మళ్లీ చివర.