ఊపిరి బిగబడితే ఆగే దడ ఒకటుంది, ఆ ఫార్వర్డ్‌లో చెప్పినట్టు మాత్రం కాదు

పోయిన వారం మా ఫ్యామిలీ గ్రూప్‌లో బాబాయి ఒక ఫార్వర్డ్ పెట్టాడు, సాయంత్రానికల్లా అదే మా అపార్ట్‌మెంట్ గ్రూప్‌లో కూడా దిగింది, మీలో కూడా చాలామంది చూసే ఉంటారు. అందులో ఉన్నది ఇదీ. గుండె దడ వస్తే హాస్పిటల్‌కి పరిగెత్తి డబ్బులు తగలెయ్యకండి, ఊపిరి గట్టిగా బిగబట్టి దడ ఆగేదాకా అలాగే ఉండండి, ఏ దడైనా 30 సెకన్లలో ఆగుతుంది. ఆగకపోతే కాళ్ళు గోడకి ఎత్తి పెట్టుకోండి, ఇంకా ఆగకపోతే మెడకి రెండు పక్కలా నరాలు నొక్కండి, కళ్ళు మూసుకుని గుడ్ల మీద నొక్కండి. హార్ట్ ఎటాక్ అనిపిస్తే గట్టిగా దగ్గుతూ ఉండండి. రోజూ ప్రాణాయామం చేస్తే జన్మలో దడ రాదు, మందులూ ఆపరేషన్లూ అంతా దోపిడీ. చివర్లో పది మందికి పంపండి అని, మామూలే.

మొత్తం అబద్ధమైతే నేనూ పట్టించుకునేదాన్ని కాదు. కానీ నాకు 9 ఏళ్ళ పాటు ఎస్‌వీటీ, అంటే గుండెలో కరెంట్ దారి తప్పి ఉన్నట్టుండి వచ్చే దడ, ఉండేది, మొదటి మూడేళ్ళూ గ్యాస్ అనీ టెన్షన్ అనీ పెళ్ళయితే తగ్గుతుందనీ తలా ఒక మాట అన్నారు, ఆ తర్వాత ఒక డాక్టరమ్మ నేర్పిస్తే ఊపిరి బిగబట్టి ముక్కి దడ ఆపుకున్న సందర్భాలు నాకు చాలానే ఉన్నాయి. అది పని చేస్తుందనీ తెలుసు, ఎప్పుడు చెయ్యదో కూడా తెలుసు. ఆ రెండోదే మెసేజ్‌లో లేదు.

"ఏ దడైనా" అన్నాడు చూడండి, అసలు తప్పు అక్కడే మొదలైంది. దడ అనేది జబ్బు పేరు కాదు కదా, కడుపునొప్పి లాంటి మాట అది, కడుపునొప్పి అంటే అజీర్తీ కావచ్చు అపెండిక్సూ కావచ్చు. గుండెలో పై గదుల నుంచి కింది గదులకి కరెంట్ దిగడానికి మధ్యలో ఒక గేటు లాంటిది ఉంటుంది, ఏవీ నోడ్ అంటారు. నాలాంటి వాళ్ళకి ఆ గేటు దగ్గర ఒక దారి బదులు రెండు దారులుంటాయి, కరెంట్ ఒక దారిలో దిగి ఇంకో దారిలో పైకెక్కి మళ్ళీ దిగి అలా రంగులరాట్నం లాగా తిరగడం మొదలెడితే గుండె నిమిషానికి 150 నుంచి 250 దాకా కొట్టుకుంటుంది. స్విచ్ వేసినట్టు టక్కున మొదలవుతుంది, టక్కున ఆగుతుంది. మెదడు నుంచి గుండెకి వచ్చే వేగస్ నరం ఈ గేటుకి బ్రేక్ లాంటిది, ఆ బ్రేక్ ఒక్క క్షణం గట్టిగా పడితే గేటు మూసుకుంటుంది, రాట్నం తెగిపోతుంది. ఇంతే కిటుకు. అంటే గేటు ఆ రాట్నంలో భాగమైతేనే ఇది పనిచేస్తుంది.

ఏట్రియల్ ఫిబ్రిలేషన్ అని ఇంకో రకం దడ ఉంది, అందులో గొడవంతా పై గదుల్లో జరుగుతుంది, నాడి పట్టుకు చూస్తే ఒక లెక్కా పత్రం లేకుండా ఎగుడుదిగుడుగా ఉంటుంది, అక్కడ బ్రేక్ వేస్తే కాసేపు వేగం తగ్గుతుందేమో కానీ అసలుది ఆగదు. ఇందులో పక్షవాతం వచ్చే ముప్పు మామూలు వాళ్ళకంటే దాదాపు 5 రెట్లు ఎక్కువ, రక్తం గడ్డకట్టకుండా మందు కావాలా అన్నది డాక్టర్ చూసి తేల్చాలి. ఇంట్లో ఊపిరి బిగబట్టుకుంటూ నెలలు గడిపే పెద్దాయనకి దడ పేరు కూడా తెలియకుండానే మూతి వంకర పోవచ్చు. ఇక పాత హార్ట్ ఎటాక్ ఉన్నవాళ్ళకి కింది గదుల నుంచే పుట్టే దడ రావచ్చు, వీటీ అంటారు, గేటుతో దానికి పనే లేదు, దానికి నిమిషాల్లో హాస్పిటల్ కావాలి, ఒక్కోసారి షాక్ ఇవ్వాలి. అక్కడ కూర్చుని కాళ్ళు గోడకి పెట్టుకుంటే ఏమవుతుందో నేను చెప్పక్కర్లేదు.

అన్నిటికంటే ఎక్కువ మందికి వచ్చేది ఇవేవీ కాదు, మామూలు గుండె మామూలు దారిలోనే వేగంగా కొట్టుకోవడం. జ్వరం, వాంతులూ విరేచనాలై ఒంట్లో నీళ్ళు తగ్గడం, రక్తం తక్కువగా ఉండటం, థైరాయిడ్ ఎక్కువవడం, భయం, నాలుగు కాఫీలు. ఇది మెల్లగా ఎక్కుతుంది, మెల్లగా దిగుతుంది. హిమోగ్లోబిన్ 7 ఉన్న పిల్లకి మెట్లెక్కితే దడ వస్తుందంటే ఉన్న కాస్త రక్తాన్నే గుండె రెండింతలు తిప్పుతోందని అర్థం, దాన్ని ఆపాలని చూడటం ఏంటి, రక్తం ఎందుకు తగ్గిందో చూడాలి గానీ.

ఇక రెండోది, "దడ ఆగేదాకా బిగబట్టి ఉండండి". దీని మీద నాకు కోపం ఎక్కువ, ఎందుకంటే ఉన్న మంచి విషయాన్ని తలకిందులుగా చెప్పారు. ఊపిరి బిగబట్టి ముక్కుతున్నప్పుడు, అంటే మోషన్ రానప్పుడు ముక్కినట్టు, ఛాతీలో ఒత్తిడి పెరిగి గుండెకి తిరిగొచ్చే రక్తం తగ్గుతుంది, బీపీ పడుతుంది, గుండె ఇంకాస్త తొందరపడుతుంది కూడా. వదిలేశాక అసలు పని జరుగుతుంది. ఆగిన రక్తమంతా ఒక్కసారి గుండెలోకి వస్తుంది, బీపీ పైకి లేస్తుంది, మెడలో ఉండే బీపీ సెన్సర్లు అది చూసి వేగస్ బ్రేక్ వేయిస్తాయి. కాబట్టి వదలాలి! 15 సెకన్లు, అంతే. నిమిషాల తరబడి బిగబట్టుకు కూర్చుంటే దడ ఆగకముందే కళ్ళు తిరిగి పడిపోతారు, ముఖ్యంగా నిలబడి చేసేవాళ్ళు.

దీని పేరు వల్సాల్వా. 300 ఏళ్ళ కిందటి ఇటలీ డాక్టర్ ఆంటోనియో వల్సాల్వా పేరు అది, ఆయన 1704లో చెవి మీద రాసిన పుస్తకంలో చెప్పాడు, అదీ గుండె కోసం కాదు, చెవిలో చీము బయటికి రావడానికి. దిగేటప్పుడు ఫ్లైట్‌లో చెవులు మూసుకుపోతే ముక్కు మూసి గాలి ఊదుతాం చూడండి, అదే.

కాళ్ళు ఎత్తడం గురించి ఒప్పుకోవాల్సింది ఒప్పుకుంటా, ఇందులో నిజం ఉంది, పైగా చాలా అందమైన నిజం. 2015లో ఇంగ్లండ్‌లో ఎమర్జెన్సీలకి ఎస్‌వీటీతో వచ్చిన 428 మంది మీద పరీక్ష చేశారు, లాన్సెట్ అనే మెడికల్ పత్రికలో వచ్చింది. సగం మందిని సగం వాల్చిన మంచం మీద కూర్చోబెట్టి 15 సెకన్లు గట్టిగా ఊదించి (ముక్కడం లాంటిదే ఇదీ) అలాగే ఉంచారు. మిగతా సగం మందిని కూడా అలాగే ఊదించి, వదిలిన వెంటనే వెల్లకిలా పడుకోబెట్టి ఇంకొకరు కాళ్ళు 45 డిగ్రీలు పైకెత్తి 15 సెకన్లు పట్టుకున్నారు. నిమిషం తర్వాత చూస్తే మామూలుగా చేసినవాళ్ళలో నూటికి 17 మందికి ఆగింది, కాళ్ళు ఎత్తినవాళ్ళలో నూటికి 43 మందికి. మందు లేదు మాకు లేదు, పైసా ఖర్చు లేదు. కాళ్ళలో రక్తం సరిగ్గా ఆ వదిలిన క్షణంలో గుండెకి చేరడం వల్ల బ్రేక్ ఇంకా గట్టిగా పడింది. అంటే ఊదడం, వదలడం, పడుకోవడం, కాళ్ళు లేపడం ఈ వరసలో చకచకా జరగాలి, ఊరికే గోడకి కాళ్ళు పెట్టుకుని ఫోన్ చూసుకుంటే ఏమీ కాదు. ఎంత గట్టిగా ఊదాలి అంటే 10 ఎంఎల్ సిరంజి మూతి నోట్లో పెట్టుకుని ఊదితే లోపలి పిస్టన్ కొంచెం కదిలేంత, ఒకసారి చేత్తో లాగి లూజ్ చేసి ఉంచుకోవాలి.

ఇప్పుడు ఆ 43 ని అటువైపు నుంచి కూడా చూడండి. డాక్టర్ల ముందు, ఈసీజీ పెట్టి, అది ఎస్‌వీటీనే అని తేలాక, పద్ధతిగా చేయిస్తేనే నూటికి 57 మందికి ఆగలేదు. నాకు కూడా ఒకసారి నాలుగుసార్లు చేసినా ఆగలేదు, రాత్రి రెండింటికి మా తమ్ముడు బండి మీద తీసుకెళ్ళాడు (అదీ తప్పే, దడతో బండి వెనక కూర్చోకూడదు, 108 పిలవాలి), అక్కడ అడినోసిన్ ఇచ్చారు. ఆ ఇంజెక్షన్ ఒంట్లో కొన్ని సెకన్లే ఉంటుంది, ఆ సెకన్లలో మాత్రం లిఫ్ట్ తాడు తెగినట్టుంటుంది, చచ్చిపోతున్నా అని మా తమ్ముడి చెయ్యి గిచ్చేశా, తర్వాత గుండె వేగం టక్కున 84.

మా బాబాయి మెసేజ్ కింద ఒకాయన శీర్షాసనం కూడా పనిచేస్తుందండీ అని రాశాడు. బీపీ పడిపోయి కళ్ళు తిరుగుతున్న మనిషిని తలకిందులుగా నిలబెడితే మెడ విరుగుతుందండీ.

మెడ నరాలు రెండు పక్కలా నొక్కడం. వద్దు. అవి నరాలు కావు, మెదడుకి రక్తం తీసుకెళ్ళే ధమనులు. డాక్టర్లు కూడా చేస్తారు, కానీ ముందు స్టెతస్కోప్ పెట్టి విని, మానిటర్ పెట్టి, ఒక్క పక్కనే, కొన్ని సెకన్లు. వయసైన వాళ్ళకి, షుగర్ ఉన్నవాళ్ళకి ఆ గోడల్లో కొవ్వు పేరుకుని ఉంటే నొక్కినప్పుడు ముక్క ఊడి మెదడుకి పోవచ్చు. రెండు పక్కలా ఒకేసారి నొక్కితే అసలు మెదడుకి సరఫరానే తగ్గుతుంది. కళ్ళ మీద నొక్కడం వెనకటి రోజుల్లో డాక్టర్లే చేసేవారు, రెటీనా ఊడే ప్రమాదం ఉందని వాళ్ళే మానేశారు. దాన్ని తవ్వి తీసి మళ్ళీ మన మీద పడేశారు.

దగ్గు సంగతి. ఇది వాట్సాప్ కంటే ముసలిది, 1999 నుంచి ఈమెయిళ్ళలో తిరుగుతోంది. దీనికి మూలం ఏంటంటే క్యాథ్ ల్యాబ్‌లో, అంటే యాంజియోగ్రామ్ చేసే గదిలో, మానిటర్ మీద ఉన్న పేషెంట్‌కి హఠాత్తుగా లయ తప్పితే డాక్టర్ పక్కనే ఉండి దగ్గమంటాడు, స్పృహ ఇంకొన్ని సెకన్లు నిలబడటానికి, ఆలోపు షాక్ రెడీ చేస్తారు. ఇంట్లో ఒంటరిగా ఉన్నవాళ్ళకి ఇది చెప్పొద్దని అమెరికన్ హార్ట్ అసోసియేషనే అంటుంది. హార్ట్ ఎటాక్ అంటే రక్తనాళంలో గడ్డ అడ్డుపడటం, దగ్గితే గడ్డ కరగదు, 108కి ఫోన్ చెయ్యాల్సిన ఆ అయిదు నిమిషాలు కరుగుతాయి.

ప్రాణాయామం మీద నాకు గౌరవం ఉంది, నేనూ చేస్తా. దీనికి మంచి ఆధారం కూడా ఉంది, 2013లో అమెరికా కాన్సస్‌లో డాక్టర్ ధనుంజయ లక్కిరెడ్డి (పేరు చూస్తేనే తెలుస్తోంది మనోడని) బృందం ఏట్రియల్ ఫిబ్రిలేషన్ వచ్చిపోయే 49 మందికి మూడు నెలలు యోగా చేయిస్తే ఆ వ్యవధిలో వచ్చే దడలు సగటున 3.8 నుంచి 2.1కి తగ్గాయి. తగ్గాయి, పోలేదు. ఉన్న మందులు ఆపించి చెయ్యలేదు కూడా. దడ వచ్చిన నిమిషంలో దాన్ని ఆపడం ఆ పరీక్షలో లేనే లేదు. ఇంకోటి, మన ఊళ్ళల్లో ప్రాణాయామం అనగానే కపాలభాతి, భస్త్రిక మొదలెడతారు, అవి గుండె వేగాన్ని పెంచేవి, దడ ఉన్నప్పుడు అవి చేస్తే ఆజ్యం పోసినట్టే.

మందులూ ఆపరేషన్లూ దోపిడీ అన్నది... బిల్లుల మీద కోపం నాకూ ఉంది, దాని గురించి ఇంకోసారి తిట్టుకుందాం. కానీ నాలాంటి ఎస్‌వీటీకి అబ్లేషన్ అని ఉంది, తొడ దగ్గరి రక్తనాళం లోంచి సన్నటి వైరు పంపి ఆ రెండో దారిని వేడితో మూసేస్తారు, 95 శాతం పైనే సక్సెస్, పేస్‌మేకర్ పెట్టాల్సొచ్చే రిస్క్ 1 శాతం లోపు. నాకు చేసి రెండేళ్ళు దాటింది, సిరంజి ఇంకా హ్యాండ్‌బ్యాగ్‌లో ఉంది, అలవాటు కొద్దీ.

బాబాయికి ఫోన్ చేసి ఇదంతా చెప్తే మరి దడ వస్తే ఏం చెయ్యాలమ్మా అన్నాడు. బాబాయ్, జీవితంలో మొదటిసారి వస్తే ఏ ట్రిక్కూ వద్దు, దగ్గర్లో ఈసీజీ ఎక్కడుంటే అక్కడికి పో, గవర్నమెంట్ హాస్పిటల్ అయినా సరే. ఛాతీ నొప్పి, ఆయాసం, కళ్ళు చీకట్లు కమ్మడం, చల్లటి చెమటలు, వీటిలో ఏదున్నా నేరుగా 108. ఎస్‌వీటీ అని తేలి, డాక్టర్ నేర్పించి ఉంటే అప్పుడు నేర్పినట్టే ఒకటి రెండుసార్లు చేసి చూడు, ఆగకపోతే బయలుదేరు. దడ ఉన్నప్పుడు తీసిన ఈసీజీయే దాని అసలు పేరు చెప్తుంది, ఆగిపోయాక తీస్తే చాలాసార్లు నార్మల్ అనే వస్తుంది, నా మూడేళ్ళు అలాగే పోయాయి. ఆ కాగితం దొరికిన రోజే ఫోన్‌లో ఫోటో తీసి పెట్టుకో, అది బస్ టికెట్ లాంటి కాగితం, బీరువాలో దాచినా ఏడాదికి గీతలన్నీ వెలిసిపోయి తెల్లగా అవుతుంది, నా మొదటిది అలాగే పోయింది.