మీట ఎవరు నొక్కాలి?

తిరుపతి బస్టాండులో భవిష్యత్తు ఎంపిక యంత్రం ఒకటి నెలకొల్పాలన్న ప్రతిపాదనను నేను మనస్ఫూర్తిగా సమర్థిస్తున్నాను. ప్రతిపాదన నాదే కనుక ప్రస్తుతానికి సమర్థకుల సంఖ్య ఒకటి. యంత్రం ఇంకా తయారు కాలేదు. అది చిన్న సాంకేతిక సమస్య. అభ్యంతరాలు మాత్రం ఎప్పుడూ సిద్ధంగా ఉంటాయి కాబట్టి ముందు వాటి సంగతి తేల్చడం మంచిది.

పని చేసే తీరు సులభం. నాణెం వేసి సందేహం చెప్పాలి. అబ్బాయి బెంగళూరు ఉద్యోగంలో చేరాలా, ఊళ్లోనే గ్రూప్స్‌కు చదువుతూ కూర్చోవాలా? చంద్రగిరి వైపు ప్లాటు కొనాలా, ఆ డబ్బుతో అమ్మాయి పెళ్లి చేయాలా? తెర మీద రెండు మూడు భవిష్యత్తులు పక్కపక్కనే కదులుతాయి. నచ్చినదాని కింద మీట నొక్కితే ఆ క్షణం నుంచి అదే మీ జీవితం. మిగతావి చెరిగిపోతాయి.

శాస్త్రీయ ఆధారం ఏదీ అనేవారు 1957లో హ్యూ ఎవరెట్ అనే అమెరికన్ విద్యార్థి ప్రిన్స్‌టన్‌లో డాక్టరేటు పొందిన పరిశోధనను చూడవచ్చు. క్వాంటం కొలతలో, అంటే అణువుల కన్నా చిన్న కణాలను కొలిచినప్పుడు, రాగల ఫలితాలన్నీ నిజంగానే వస్తాయని, ఒక్కొక్కటి ఒక్కో శాఖలో, అంటే ఒక్కో వేరు ప్రపంచంలో, సాగిపోతుందని ఆ సిద్ధాంతానికి స్థూలంగా అర్థం. తిరుమల సేవా టికెట్ల కోసం ఎలక్ట్రానిక్ డిప్ అనే లాటరీలో పేరు నమోదు చేసుకున్నవారికి దీన్ని విడిగా బోధించనక్కరలేదు. సుప్రభాత సేవ దొరికిన మనిషి ఏదో ఒక శాఖలో పట్టుపంచె ఇస్త్రీ చేయించుకుంటూనే ఉంటాడు. మన శాఖలో ఉన్నవాడు వచ్చే నెల మళ్లీ నమోదు చేసుకుంటాడు. అన్నట్టు, ఎవరెట్ విశ్వవిద్యాలయంలో నిలవలేదు, పెంటగాన్‌లో ఉద్యోగం చేశాడు. ప్రొఫెసరైన ఎవరెట్ వేరే శాఖలో జీతం తీసుకుంటున్నాడని సర్దుకోవాలి.

రెండో అభ్యంతరం ఆర్థికమైనది, దీనికి కాస్త బరువుంది. టమాటా రైతును తీసుకోండి. 2023 జులైలో మదనపల్లె మార్కెట్లో కిలో టమాటా దాదాపు 200 రూపాయల దాకా పలికింది. మన యంత్రం అలాంటి భవిష్యత్తు ఒకటి చూపిస్తే ఏ రైతు మీట నొక్కకుండా ఉంటాడు? ఆయన నొక్కుతాడు, ఆయన పక్క చేనువాడు నొక్కుతాడు, ఆ పక్క మండలం మొత్తం వరుసలో నిలబడి నొక్కుతుంది. మూడు నెలలు తిరిగేసరికి అందరి పంటా ఒకేసారి మార్కెట్టుకు చేరుతుంది, కోత కూలి కూడా రాదని కొందరు బుట్టలను రోడ్డు మీదే కుమ్మరిస్తారు. అందరూ కోరుకున్న భవిష్యత్తు అందరూ కోరుకున్నందువల్లే రాకుండా పోతుంది. ఇది యంత్రం లోపం అనడానికి వీల్లేదు. యంత్రం లేకుండానే ఈ పని ఏటా సమర్థంగా జరుగుతోంది. చిత్తూరు తోతాపురి మామిడి రైతు యంత్రం దగ్గరికే రాడు. చెట్టు నాటి ఏళ్ల తరబడి ఎదురుచూసేవాడికి రెండు భవిష్యత్తులు చూపించినా రెండింటిలోనూ గుజ్జు ఫ్యాక్టరీ గేటు ముందు ట్రాక్టర్ల బారే కనిపిస్తుందని ఆయనకు తెలుసు.

సిఫార్సు లేఖల గురించి కూడా అడుగుతున్నారు. ఉంటాయి. మంచి భవిష్యత్తుల్లో కొంత కోటా ఉంటుంది. దీని మీద చర్చ అనవసరం.

అసలు చిక్కు వేరే ఉంది. మనవాళ్లు మీట నొక్కరు.

భవిష్యత్తు తెలుసుకోవడానికి మనకు యంత్రాలు కొత్త కాదు. రైల్వే స్టేషన్లలో రంగు దీపాలు తిరిగే బరువు యంత్రం ఉండేది. నాణెం వేస్తే అట్టముక్క వచ్చేది, ఒకవైపు బరువు, రెండోవైపు జాతకం. బరువు తప్పని గొడవపడ్డవాళ్లు ఉన్నారు కానీ జాతకం తప్పని ఎవరూ అనలేదు. చిలక జోస్యం మరింత నాగరికమైనది. చిలక బయటికి వచ్చి, ఒక కార్డు ముక్కుతో లాగి, గింజ తిని, తిరిగి పంజరంలోకి వెళ్లిపోయేది. దాని గొప్పతనమంతా ఒకచోట ఉంది. అది ఎవరినీ “నీకు ఏం కావాలి?” అని అడగలేదు.

నా యంత్రం అడుగుతుంది. అక్కడే పని చెడుతుంది. తెర ముందు ఒక కుటుంబాన్ని ఊహించుకోండి. రెండు భవిష్యత్తులు కదులుతున్నాయి. “మీరే చెప్పండి నాన్నా” అంటాడు కొడుకు. “నాదేముంది, నీ ఇష్టం నాయనా” అంటాడు తండ్రి, తన ఇష్టం ఏమిటో కొడుక్కి ఇరవై ఏళ్లుగా తెలుసనే ధీమాతో. “నన్నెప్పుడు అడిగారు కనుక ఇప్పుడు అడగడానికి” అని తల్లి ముఖం తిప్పుకుంటుంది. మేనమామకు ఫోను వెళుతుంది. రాహుకాలం దాటాక నొక్కమని ఆయన సలహా. రాహుకాలం దాటేలోగా వెనక వరుస బస్టాండు దాటి రోడ్డెక్కుతుంది. తెర మీది భవిష్యత్తుల్లో మొదటి గంటన్నర అప్పటికే గతమైపోయింది.

చివరికి ఎవరో నొక్కుతారు. పదేళ్ల తరువాత కష్టం వస్తే నొక్కింది బావమరిది అని తేలుతుంది. బావమరిది ఒప్పుకోడు. “కాణిపాకం వచ్చి ప్రమాణం చెయ్యి” అన్న మాట వస్తుంది. వరసిద్ధి వినాయకుడి ఎదుట అబద్ధం ఆడటానికి ఈ ప్రాంతంలో ఎవరికీ ధైర్యం చాలదు కనుక ఇద్దరూ తమ తమ నిజం చెబుతారు. ఆ నిజాలు రెండూ రెండు శాఖల్లో సరైనవే కావచ్చు, ఎవరెట్ లెక్క ప్రకారం.

ఇది చదువులేని లక్షణమని ఎవరైనా అంటే వారిని శ్రీహరికోట చూసి రమ్మంటాను. అదీ ఇప్పుడు మన తిరుపతి జిల్లాలోదే. కక్ష్యను, గాలిని, ఇంధనాన్ని కడపటి అంకె దాకా లెక్కగట్టిన శాస్త్రవేత్తలు ప్రయోగానికి ముందు రాకెట్ నమూనాను తిరుమలకు తెచ్చి స్వామి పాదాల దగ్గర పెట్టించుకుని వెళతారు. లెక్క మీద నమ్మకం లేక కాదు. అంత పెద్ద మీట నొక్కేటప్పుడు పక్కన ఇంకొకరి సంతకం ఉంటే నిద్ర పడుతుంది. అంతటి వాళ్లకు లేని ఒంటరి ధైర్యం అలిపిరి ఆటోస్టాండులో ఉండాలని కోరడం అన్యాయం.

కనుక ప్రతిపాదనకు నేనే ఒక సవరణ ప్రవేశపెడుతున్నాను. యంత్రం ఉండాలి, తెర ఉండాలి, మీట మాత్రం జనానికి అందకూడదు. మొదట దాన్ని చిలకకు అప్పగించాలనుకున్నాను. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద రామచిలకను పంజరంలో ఉంచడం నేరం కాబట్టి ఆ పోస్టు భర్తీ చేయడానికి వీల్లేదు. అందువల్ల యంత్రం పక్కన ఒక గుమాస్తాను నియమించాలి. కుర్చీ, బల్ల ఫ్యాను, స్టాంపు ఇవ్వాలి. అతనికి ఎవరి జీవితంలోనూ ఆసక్తి ఉండకూడదు. తెర వైపు చూడకుండా మీట నొక్కి, రసీదు చింపి ఇచ్చి, “తరువాత” అని పిలవాలి. ఉద్యోగం పొరుగు సేవల పద్ధతిలో ఉండటం ముఖ్యం. తలరాత బాగాలేనివాళ్లు ఫిర్యాదు చేస్తే తీసేయడానికి వీలుగా ఉంటుంది.