సవరణ: 'ఎ సిటీ ఆఫ్ సాడ్‌నెస్' స్క్రీన్‌ప్లే ఇద్దరిది

తైవాన్ సినిమా 'ఎ సిటీ ఆఫ్ సాడ్‌నెస్' (1989) రాసింది నవలా రచయిత్రి చు తియెన్-వెన్ ఒక్కరే అని మొన్నటి పోస్టులో ఉంది. ఆమెతో పాటు వు నియెన్-జెన్ కూడా రాశారు. ఆయనా కథలు రాస్తూ సినిమాల్లోకి వచ్చినవారే.

ఇంకొకటి. 1947 ఫిబ్రవరి 28 తర్వాత తైవాన్‌లో ప్రభుత్వ సైన్యం జరిపిన ఊచకోతను ఈ సినిమా 'కళ్లకు కట్టినట్టు చూపిస్తుంది' అన్న మాట ఆ పోస్టులోంచి తీసేశాను. ఆ దారుణం చాలావరకు తెర బయటే జరుగుతుంది. వినలేని, మాట్లాడలేని ఫొటోగ్రాఫర్‌ని రైల్లో చైనా ప్రధాన భూభాగం నుంచి వచ్చినవాళ్ల కోసం వెతుకుతున్న కొందరు తైవాన్ వాళ్లు నిలదీస్తారు. ప్రాణభయంతో 'నేను తైవాన్ వాణ్ణి' అని ఎలాగో గొంతు పెగల్చుకుంటాడు. ఈ రచయితల పనితనం తెలియడానికి నాకు ఆ ఒక్క సీన్ చాలు. 1987 దాకా మార్షల్ లా (సైనిక శాసనం) ఉన్నచోట ఈ కథ రాయడానికి గుండె ధైర్యం కావాలి. వెనిస్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి గోల్డెన్ లయన్ ఈ సినిమాకి వచ్చిందని ఆ పోస్టులో రాసింది మాత్రం సరైనదే.