బ్రెడ్ కాస్త ఆరాలి

బ్రెడ్‌ను గుడ్లు, పాల మిశ్రమంలో రాత్రంతా ఫ్రిజ్‌లో నానబెట్టి పొద్దున ఓవెన్‌లో పెట్టే ఫ్రెంచ్ టోస్ట్ గురించి మీ వ్యాసంలో చక్కగా రాశారు. అందులో తాజా బ్రెడ్ అయినా ఫర్వాలేదన్న మాట మాత్రం నేను ఒప్పుకోను. మెత్తటి బ్రెడ్ రాత్రంతా గుడ్లు, పాల మిశ్రమంలో నానితే అడుగున ముద్దయిపోతుంది. ముక్కలు కోసి 150 డిగ్రీల ఓవెన్‌లో ఓ పది నిమిషాలు ఆరనిస్తే చాలు, లోపలిదాకా పీల్చుకుని కూడా విడిపోకుండా నిలబడతాయి.

ఇంకొకటి, ఇది చాలా ముఖ్యం. ఫ్రిజ్‌లోంచి తీసిన గాజు పాత్రను నేరుగా వేడి ఓవెన్‌లో పెట్టకండి, పగిలే ప్రమాదం ఉంది. ఓ అరగంట బయట ఉంచండి. ఉడికిందో లేదో అంచులు చూసి చెప్పలేం, సరిగ్గా మధ్యలో చాకు గుచ్చి చూడండి, పచ్చి గుడ్డు అంటకూడదు. పైన చల్లే చక్కెర, దాల్చినచెక్క పొడి పొద్దున్నే వేయాలి. రాత్రే వేస్తే చక్కెర కరిగిపోయి ఆ కరకర రాదు.