ఊడిపోతే మంచిదేనని ఆమెకు ముందే ఎందుకు చెప్పలేదు?

తెల్లవారుజామున నాలుగున్నరకు మా చెల్లెలు కాన్పుల వార్డు బాత్రూమ్‌లోంచి పెట్టిన కేక ఇప్పటికీ నా చెవుల్లోనే ఉంది. "అక్కా, లోపలి నుంచి ఏదో ఊడి పడింది, బిడ్డకు ఏమైందో చూడు" అంటూ గోడ పట్టుకుని వణికిపోతోంది. లోపలికి పరుగెత్తాను. నేల మీద పసుపుపచ్చ రబ్బరు గొట్టం, దాని కొసన పెద్ద నిమ్మకాయంత నీటి బుడగ, చుట్టూ కాస్త నెత్తుటి జిగురు. నా కాళ్లు ఆడలేదు. సిస్టర్ వచ్చి చూసి, "ఊడిపోయిందా? మంచిదే. గర్భాశయ ముఖద్వారం తెరుచుకుంది. ఇక డ్రిప్ పెడదాం" అని చెప్పి గొట్టం తీసుకుని వెళ్లిపోయింది.

మంచిదే! ఆ ఒక్క మాట ముందు రోజు సాయంత్రం ఆరు గంటలకు, గొట్టం పెట్టేటప్పుడే చెప్పి ఉంటే నిండు చూలాలు ఆ చీకట్లో బిడ్డ పోయిందేమో అనుకుంటూ వణికేది కాదు కదా.

నేను హనుమకొండ దగ్గర ఒక ప్రభుత్వ ఉన్నత పాఠశాలలో జీవశాస్త్రం చెబుతాను. ఏటా పదో తరగతి పిల్లలకు గర్భాశయం బొమ్మ గీసి, ముఖద్వారం ఎక్కడుంటుందో చూపిస్తాను. అలాంటి నాకే మా చెల్లెలి తొడకు ప్లాస్టరుతో అంటించిన ఆ గొట్టం ఏం చేస్తుందో ఆ రాత్రి తెలియదు. అమ్మ అయితే దాన్ని మూత్రం గొట్టమే అనుకుంది. నాన్నకు ప్రోస్టేట్ ఆపరేషన్ అయినప్పుడు పెట్టింది అచ్చం ఇలాగే ఉండేదట. "దీనికి మూత్రం ఆగిపోయిందా? మనకు చెప్పడం లేదా?" అని నా చెవిలో గుసగుసగా అడిగింది. చెల్లెలి భయం వేరు. డాక్టరమ్మ "బెలూన్ పెడతాం" అనడం ఒక్కటే ఆమె విన్నది. బెలూన్ లోపల పేలితే బిడ్డకు తగులుతుందేమోనని రాత్రంతా పక్కకు తిరగకుండా పడుకుంది. ఆ సంగతి నాకు తర్వాత చెప్పింది.

ఇంటికి వచ్చాక దొరికినదల్లా చదివాను. అమ్మ అనుకున్నది సగం నిజమే. అది మూత్రం గొట్టమే. 1930ల్లో ఫ్రెడరిక్ ఫోలీ అనే అమెరికా వైద్యుడు మూత్రాశయం కోసం రూపొందించిన గొట్టం కాబట్టి ఫోలీ కాథెటర్ అంటారు. నెలలు నిండినా గట్టిగా మూసుకుని ఉన్న ముఖద్వారాన్ని మెత్తబరచి కొంచెం తెరవడానికి ఇదే గొట్టాన్ని వాడవచ్చని ఎంబ్రే, మాలిసన్ అనే బ్రిటన్ వైద్యులు 1967లోనే రాశారు. గొట్టాన్ని ముఖద్వారం గుండా పైకి పంపి, కొసన ఉన్న బుడగలో 30 నుంచి 80 మిల్లీలీటర్ల దాకా సెలైన్ నింపుతారు. గొట్టాన్ని కొద్దిగా లాగి తొడకు అంటిస్తారు. బుడగ లోపలి నుంచి ముఖద్వారం మీద ఒత్తిడి పెడుతుంది, ఆ చోట ఉమ్మనీటి సంచి పొరను గర్భాశయం గోడ నుంచి కొంచెం విడదీస్తుంది. దాంతో తల్లి ఒంట్లోనే ప్రోస్టాగ్లాండిన్లు అనే రసాయనాలు విడుదలై ముఖద్వారం మెత్తబడుతుంది. బయటి నుంచి ఇచ్చే మందేమీ లేదు, ఉన్నది ఉప్పునీళ్లే. మూడు నాలుగు సెంటీమీటర్లు తెరుచుకున్నాక బుడగ నిలవలేక దానంతట అదే జారిపోతుంది. అంటే మమ్మల్ని హడలగొట్టినది, ఆ గొట్టం తన పని తాను పూర్తి చేసిన క్షణం.

మందుల దుకాణంలో ఆ గొట్టం రెండు వందల రూపాయల లోపే వస్తుంది. ఫ్రిజ్‌లో దాచనక్కర్లేదు. నొప్పులు మితిమీరి, బిడ్డకు ఊపిరాడని స్థితి వచ్చే ముప్పు నొప్పులు తెప్పించే మందులతో పోలిస్తే దీనితో తక్కువ. నెదర్లాండ్స్‌లో 12 ఆసుపత్రుల్లో 824 మంది గర్భిణుల మీద చేసిన అధ్యయనం 2011లో వెలువడింది. బెలూన్ పెట్టిన వారిలో సిజేరియన్లు వందకు 23, ముఖద్వారాన్ని మెత్తబరిచే ప్రోస్టాగ్లాండిన్ జెల్ వాడిన వారిలో 20. పెద్ద తేడా ఏమీ కాదు, దుష్ఫలితాలు మాత్రం బెలూన్‌తోనే తక్కువ. కాబట్టి నా కోపం బెలూన్ మీద కాదు. మా చెల్లెలికి దాన్ని పెట్టడం కూడా సరైన నిర్ణయమే. నలభై ఒక్క వారాలు దాటాయి, నొప్పుల జాడ లేదు. ఆ పైన ఎదురుచూస్తే మాయ బలహీనపడి బిడ్డ లోపలే చనిపోయే ముప్పు పెరుగుతుంది. అందుకే 41 వారాలు నిండితే నొప్పులు తెప్పించాలని ప్రపంచ ఆరోగ్య సంస్థే చెబుతోంది.

నా కోపమంతా చెప్పకపోవడం మీదే.

చెప్పకపోతే పోయేది ధైర్యం ఒక్కటే కాదు. పక్క మంచం మీద జరిగింది వినండి. ఆ అమ్మాయిది నర్సంపేట వైపు ఊరు, తొలి కాన్పు. మా చెల్లెలికంటే గంట ముందు ఆమెకూ బెలూన్ పెట్టారు. రాత్రి తొమ్మిదయ్యేసరికి వాళ్లవాళ్లు డ్యూటీ డాక్టరును చుట్టుముట్టారు. "నాలుగు గంటలైంది, ఒక్క నొప్పి లేదు. మీ బెలూన్ పనిచేయలేదు. ఆపరేషన్ చేసేయండి." దానికి తోడు మర్నాడు పెత్రమాస. అమావాస్య నాడు బిడ్డ పుట్టకూడదని మామగారి పట్టుదల. అర్ధరాత్రి లోపు అయిపోవాలి. డాక్టరు రెండు సార్లు కాదన్నారు. మూడోసారి "ఏమైనా అయితే మీదే బాధ్యత" అని ఆ ఇంటి పెద్దాయన వేలు చూపించి అన్నాక ఆ డాక్టరు ముఖం మారిపోయింది. పదిన్నరకు ఆ అమ్మాయిని థియేటర్‌లోకి తీసుకెళ్లారు. కాగితం మీద సంతకం భర్త పెట్టాడు. ఆ అమ్మాయిని ఎవరూ ఏమీ అడగలేదు. నేను అక్కడే ఉన్నాను, చూశాను.

నాలుగు గంటలకు నొప్పి రాకపోతే బెలూన్ పనిచేయనట్టు కాదు. దాని మొదటి పని దారి మెత్తబరచడం. నొప్పుల కోసం ఆ తర్వాత ఆక్సిటోసిన్ డ్రిప్ పెట్టడం మామూలే. సాధారణంగా పన్నెండు గంటల దాకా బెలూన్‌ను ఉంచుతారు. ఉమ్మనీటి సంచి తెరిచాక కనీసం 12 నుంచి 18 గంటలు ఆక్సిటోసిన్ ఇచ్చి చూడకుండా నొప్పులు తెప్పించే ప్రయత్నం విఫలమైందని తేల్చవద్దని అమెరికా ప్రసూతి వైద్యుల సంఘం చెబుతుంది, తల్లీబిడ్డలు బాగున్నంత వరకూ. అంత దూరం ఎందుకు, మనకు దగ్గర్లోనే ఉన్న నాగపూర్ చూడండి. అక్కడి ప్రభుత్వ ఆసుపత్రుల్లో అధిక రక్తపోటు ఉన్న 602 మంది గర్భిణుల మీద చేసిన అధ్యయనం 2017లో వచ్చింది. నొప్పులు తెప్పించే మిసోప్రోస్టాల్ మాత్రలు మింగిన వారిలో 24 గంటల్లో మామూలు కాన్పు అయినది వందకు 57 మందికి, బెలూన్ పెట్టిన వారిలో 47 మందికి. ఆ లెక్కలో మాత్రలదే పైచేయి, దాచాల్సిందేమీ లేదు. కానీ ఏ పద్ధతిలోనైనా ఇది పూటలో ముగిసే పని కాదని ఆ అంకెలే చెబుతున్నాయి. రాత్రి గడిచి, పగలంతా పట్టి, మళ్లీ చీకటి పడవచ్చు. బెలూన్ పెట్టే చేయి ఈ మాట చెప్పకపోతే, బయట వరండాలో చాపలు పరుచుకుని కూర్చున్న బంధువులకు నాలుగు గంటలే నాలుగు యుగాలవుతాయి.

మన తెలంగాణలో వంద కాన్పుల్లో అరవైకి పైగా కోతతోనే జరిగినట్టు లెక్క తేలింది. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే చెప్పిన ఆ లెక్క 60.7 శాతం, అప్పటికి రాష్ట్రాలన్నిటిలోనూ ఎక్కువ. దేశ సగటు 21.5. మన ప్రైవేటు ఆసుపత్రుల్లో 81.5, ప్రభుత్వ ఆసుపత్రుల్లో కూడా 44.5. దీన్ని డాక్టర్ల డబ్బు యావ అని ఒక్క ముక్కలో కొట్టిపారేసేవాళ్లను రోజూ చూస్తుంటాను. డబ్బు యావ లేదని నేను అనను. కానీ ఆ రాత్రి ఆపరేషన్ వద్దన్నది డాక్టరు, కావాలన్నది ఇంటివాళ్లు. ముహూర్తాలు, అమావాస్యలు, "అమ్మాయి నొప్పులు పడలేదు" అనే జాలి, అన్నీ కలిసే పక్క మంచం అమ్మాయిని ఆ బల్ల ఎక్కించాయి. ఆ జాలిని నేను తప్పు పట్టను, మా అమ్మ కళ్లలోనూ అది చూశాను. కానీ కడుపు కోసిన నొప్పి ఆ తర్వాత ఎన్ని వారాలు ఉంటుందో, రెండో కాన్పు మీద దాని నీడ ఎలా పడుతుందో ఎవరూ ఆ జాలితో తూచి చూడరు.

ఇంతకూ చెప్పాల్సింది ఎంత? నేనే రాసి చూశాను, గడియారం పెట్టుకుని చదివాను. నిమిషం కూడా పట్టలేదు.

"అమ్మా, నీకు నెలలు నిండి వారం దాటింది, ముఖద్వారం ఇంకా గట్టిగా ఉంది. దాన్ని మెత్తబరచడానికి ఈ గొట్టం పెడతాం. చివర చిన్న బుడగలో నీళ్లు నింపుతాం. పెట్టేటప్పుడు ఇబ్బందిగా ఉంటుంది, తర్వాత నెలసరి నొప్పిలా లాగుతుంది, కాస్త రక్తం కనబడవచ్చు. బిడ్డకు తగలదు. నువ్వు నడవచ్చు, బాత్రూమ్‌కు వెళ్లవచ్చు. రేపు పొద్దున్నకల్లా దానంతట అదే ఊడితే సంతోషించు, ఊడకపోతే మేమే తీస్తాం. ఆ తర్వాత నొప్పులకు డ్రిప్ పెడతాం, కాన్పుకు మరో పగలు పట్టవచ్చు. రక్తం ఎక్కువగా పోయినా, ఉమ్మనీరు పోయినా, చలిజ్వరం వచ్చినా, బిడ్డ కదలిక తగ్గినా వెంటనే పిలువు. నీకు ఇష్టమేనా?"

ఆ చివరి మాట కూడా ముఖ్యమే. ఆమె ఒంట్లో పెట్టేదాన్ని గురించి ఆమెను అడగాలి. మామగారిని కాదు, భర్తను కాదు, నన్ను కూడా కాదు.

సిస్టర్ల మీద నిందగా దీన్ని ఎవరూ తీసుకోవద్దు. ఆ రాత్రి ఆ వార్డులో ఒక్క సిస్టర్, ఇద్దరు ఆయాలు. మూడింటికి ఆమె చల్లటి టీ తాగుతూ నిలబడే కునుకు తీయడం చూశాను. ఆమెకు నిమిషం లేదంటే నమ్ముతాను. అలాంటప్పుడు ఆ మాటలు అచ్చు వేసి మంచం పక్కన గోడకు అంటించండి. తొమ్మిదో నెల పరీక్షకు వచ్చినప్పుడు ఆశా కార్యకర్త చేత చెప్పించండి. 2017లో మన రాష్ట్రం నర్సులకు ప్రత్యేకంగా మిడ్‌వైఫ్ శిక్షణ మొదలుపెట్టింది. పక్కన కూర్చుని చెప్పడమే పనిగా ఉండే అలాంటి మనిషి ప్రతి కాన్పుల వార్డులో, ప్రతి షిఫ్టులో కావాలి. చదువు రానివాళ్లకు ఎక్కదని మాత్రం అనకండి. అంత చదివిన నాకు తెలియనిది, సిస్టర్ అన్న ఒక్క "మంచిదే"తో మా అమ్మకు అర్థమైంది. వెంటనే లేచి చెల్లెలి జడ విప్పి దువ్వడం మొదలుపెట్టింది.

ఏడింటికి డ్రిప్ పెట్టారు. మధ్యాహ్నం దాకా నొప్పులు మెల్లగా, తర్వాత ఊపిరి తిరగనివ్వకుండా వచ్చాయి. రాత్రి ఎనిమిదిన్నరకు, వీధిలో ఎంగిలిపూల బతుకమ్మ ఆడుతున్న వేళ, ఆడపిల్ల పుట్టింది. బెలూన్ పెట్టాక ఇరవై ఆరున్నర గంటలకు. అమావాస్య బిడ్డ. రెండు కిలోల తొమ్మిది వందల గ్రాములు, చక్కగా ఉంది.

మూడో రోజు మేము ఇంటికి బయల్దేరుతుంటే పక్క మంచం అమ్మాయి ఇంకా లేచి సరిగా కూర్చోలేకపోతోంది. బిడ్డను పాలకు ఎత్తుకోవాలంటే వాళ్లమ్మ అందించాలి. మా చెల్లెలు సంచి సర్దుకుని అటూ ఇటూ తిరగడం చూస్తూ నన్ను దగ్గరికి పిలిచింది.

"అక్కా, మీ చెల్లెలికి అది ఊడిపోయిందట కదా. నాకు ఊడక ముందే తీసేశారు. తెల్లారేదాకా ఉంచితే నాకూ ఊడేదా?"

ఏమో, ఊడేదేమో, ఊడకపోయేదేమో. ఆమె చేయి పట్టుకున్నాను గానీ జవాబు చెప్పలేకపోయాను.