సగటు సముద్ర మట్టం గారికి పర్లాకిమిడి నుంచి ఒక విన్నపం

మహారాజశ్రీ సగటు సముద్ర మట్టం గారి సముఖమునకు,

ఒడిశా రాష్ట్రం గజపతి జిల్లా పర్లాకిమిడి కాపురస్థుడు నమస్కరించి రాసుకునే విన్నపం.

రైల్వే స్టేషన్లలోని పసుపు బోర్డుల మీద, ఊరి పేరు కింద చిన్న అక్షరాలలో మీ ప్రస్తావన చిన్నప్పటి నుంచి చూస్తూనే ఉన్నాను గానీ, మిమ్మల్ని కళ్లారా చూసినవారు ఒక్కరూ నాకు తారసపడలేదు. విచారించగా తేలినదేమిటంటే, తమరు ఏ రేవులోనూ ఉండరు. కరాచీ మొదలుకొని విశాఖపట్నం, ఒడిశా తీరంలోని ఫాల్స్ పాయింట్ దాకా తొమ్మిది రేవులలో ఆటుపోట్లను ఏళ్ల తరబడి నమోదు చేసి, హెచ్చుతగ్గులన్నిటినీ చదును చేసి, 1909లో తమరిని కాగితం మీద ఖరారు చేశారు. ఒక్క అలైనా లేని ఆ సముద్రానికి దేశంలోని కొండలన్నీ లెక్క అప్పజెప్పుకుంటున్నాయి.

ఇక నా ఫిర్యాదు. కోరాపుట్ జిల్లా దేవమాలికి 1672 మీటర్లు రాసి రాష్ట్రంలో మొదటి పీట వేశారు. మా మహేంద్రగిరికి 1501 మీటర్లు రాసి వెనక్కి జరిపారు. దేవమాలి నిలుచున్నది 900 మీటర్లకు అటూ ఇటూ ఉన్న పీఠభూమి మీద. అరుగెక్కి నిలుచున్న పిల్లవాడికి పొడుగరి అన్న బిరుదు ఇచ్చినట్టుంది ఈ వ్యవహారం. మందస వైపు వరి మళ్లలో నిలబడి తలెత్తి చూడండి; మహేంద్రగిరి ఏ అరుగూ లేకుండా కోస్తా నేల నుంచే లేస్తుంది. కింది నుంచి పైదాకా నడిచినవాడి మోకాళ్లను సాక్ష్యానికి పిలవరేమి?

తమరి బాధితులు పరదేశాలలోనూ ఉన్నారు. హవాయిలోని మౌనా కియా సముద్రగర్భంలోని పాదం నుంచి 10,000 మీటర్లకు పైగా ఉంటుంది. తమరు నీటిపైన కనబడే 4207 మీటర్లే లెక్కించారు. భూమి నడుము దగ్గర ఉబ్బి ఉండడం వల్ల ఈక్వడార్‌లోని చింబొరాజో శిఖరం భూకేంద్రానికి ఎవరెస్టు కంటే సుమారు 2 కిలోమీటర్లు ఎక్కువ దూరంలో ఉన్నా, దాని ఖాతాలో 6263 మీటర్లే పడ్డాయి. ఎవరెస్టును మాత్రం నేపాల్ గడప తొక్కనివ్వకపోతే నూరు కిలోమీటర్లకు పైగా ఇవతల మైదానాల నుంచే థియోడొలైటు అనే కోణాలు కొలిచే దుర్భిణితో కోణాలు తీసి, సర్వే శాఖ గణకుడు రాధానాథ్ సిక్దర్ లెక్కలు కట్టగా, 1856లో 29,002 అడుగులని ప్రకటించారు. దూరపు కొండలు నునుపన్న సామెత సర్వే వారికి వర్తించలేదు. 2020లో తేల్చిన 8848.86 మీటర్లకూ దానికీ తేడా పది మీటర్లకు లోపే. (ఇంత నిక్కచ్చి మనుషులు తమరి మాట ఎందుకు నమ్మారో!)

అసలు పర్వతమంటే ఏమిటో కూడా తేలలేదు. బ్రిటన్‌లో 2000 అడుగులని వాడుక. అమెరికావారు ఒకప్పుడు చుట్టుపక్కల నేల కంటే 1000 అడుగులు లేవాలని గీత గీసి, తరువాత దానిని చెరిపేశారు. మెట్ట, గుట్ట, కొండ అని పిలుచుకునే మేము ఏనాడూ టేపు పట్టలేదు.

మొన్న గోపాల్‌పూర్ బీచిలో పాదాలు తడుస్తుండగా ఫోన్ తీసి చూస్తే, నేను సముద్ర మట్టానికి అరవై చిల్లర మీటర్ల కింద ఉన్నానని చూపింది. ఊపిరి మాత్రం బాగానే ఆడింది! ఉపగ్రహాలు కొలిచేది నున్నగా ఊహించుకున్న భూగోళం నుంచట. భూమి ఆకర్షణను బట్టి ఎత్తుపల్లాలు తిరిగే తమరు మా తీరంలో దానికన్నా అంత దిగువన ఉన్నారట. కాబట్టి తమరు సముద్రం కారు, మట్టం అంతకన్నా కారు.

గంజాం జిల్లా పొడంపేటలో మన తెలుగు జాలరుల ఇళ్లను కోసుకుపోయిన సముద్రం మాత్రం సగటుది కాదు. ఆ ఊరు ఇప్పుడు ఎన్ని మీటర్ల ఎత్తున ఉన్నదో తమరి రికార్డులో చూసి, తిరుగు టపాలో తెలియజేయగలరు.

ఇట్లు,
మహేంద్రగిరి చూపుమేరలో నివసించు
తమ విధేయుడు