బాబాయి ఫ్రీ సినిమా

శుక్రవారం విడుదలైన సినిమా శనివారం కల్లా మా బాబాయి ఫోన్‌లో ఉండాలి. టికెట్ కొనడం ఆయన దృష్టిలో చేతకానివాళ్ల పని.

ఆ సైట్లలో ప్లే బటన్లు ఆరేడుంటాయి. అసలుది కనిపెట్టడం ఓ విద్య. బాబాయి ఒకటి నొక్కితే రమ్మీ, ఇంకోటి నొక్కితే బెట్టింగ్, మరోటి నొక్కితే ‘మీ ఫోన్‌లో 13 వైరస్‌లు’ అని ఎర్రటి హెచ్చరిక. ‘అలో’ అని అడిగిన ప్రతిదానికీ అలో కొట్టాడు. సొంత తమ్ముడు బండి అడిగితే ఇవ్వని మనిషి!

మొత్తానికి బొమ్మ పడింది. థియేటర్లో ఎవరో ఫోన్‌తో తీసిన ప్రింటు. (తీసినవాడు దొరికితే 2023 సినిమాటోగ్రాఫ్ సవరణ చట్టం ప్రకారం కనీసం మూడు నెలల జైలు, 3 లక్షల జరిమానా.) ఆలస్యంగా వచ్చిన ఒకాయన సీటు వెతుక్కుంటూ హీరో మొహం మీదుగా నడిచి వెళ్లాడు. “ఈ క్యారెక్టర్ ఎవర్రా, బాగా చేశాడు” అన్నాడు బాబాయి.

సగంలో ‘ప్లేయర్ అప్‌డేట్ చేయండి’ అంటూ ఓ ఏపీకే ఫైలు (ఫోన్‌లోకి యాప్‌ని ఎక్కించేది) దిగింది. కాంటాక్టులూ మెసేజ్‌లూ చూడనివ్వమంది. “ఓటీపీలు వచ్చేది అందులోకే బాబాయ్” అన్నాను.

“సినిమాకి ఓటీపీ ఏంట్రా, గ్యాస్ సిలిండరా?”

మర్నాడు ఇంట్లో సత్యనారాయణ వ్రతం. పడవలో ఆకులూ అలములే ఉన్నాయని వైశ్యుడు బొంకే ఘట్టంలో, బాబాయి జేబు “లక్ష గెలిచారు, వెంటనే ఆడండి!” అని అరిచింది. పంతులుగారు ఆగారు. అంతలో వియ్యంకుడి ఫోన్: “ఈ వయసులో ఏంటి బావగారూ? మాతో ఒక్క మాటైనా అనలేదే!”

బాబాయి నంబరు నుంచి చుట్టాలందరికీ ‘నా పెళ్లి శుభలేఖ’ పేరుతో ఏపీకే వెళ్లింది. పిన్ని హారతి పళ్లెం కింద పెట్టి ఆయన వంక చూసింది.

నెట్ ఆపి, బ్యాంకుకి ఫోన్ చేసి ఖాతా ఆపించాం. అదృష్టం, డబ్బు పోలేదు. పోయుంటే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాల్సి వచ్చేది. ఫోన్ మొత్తం చెరిపించాక, మనవడి పుట్టినరోజు ఫోటోలు కూడా పోయాయని తెలిసింది.

నెల తిరిగేసరికి ఆ సినిమా ఓటీటీలోకి వచ్చింది. ఆ ఓటీటీ బాబాయి రీచార్జ్ ప్యాక్‌తోపాటే వస్తోందట; పిన్ని ఎప్పట్నుంచో అందులోనే చూస్తోంది. అది చాలకపోతే ఆహా, ఈటీవీ విన్ ఉన్నాయి. పాత సినిమాలైతే హక్కులున్న కంపెనీలే యూట్యూబ్‌లో ఊరికే పెడుతున్నాయి.

టీవీలో శుభ్రమైన ప్రింటు వేసి బాబాయిని కూర్చోబెట్టాం. అరగంట చూసి మొహం చిట్లించాడు.

“ఆ సీటు వెతుక్కునే ఆయన సీను కోసేశారేంట్రా?”